మూడో వైరు

మా హోసూరులో హెవీ మెటల్ అంటే పాత ఇనుప సామాను కొట్టు. హార్డ్ రాక్ అంటే గ్రానైట్ క్వారీ. మా పక్క ఊరు కృష్ణగిరి పేరులోనే నల్లటి కొండ కూర్చుని ఉంది గనక, రాక్ గురించి మా వైపు వాళ్లకు ఎవరో వచ్చి పాఠం చెప్పాల్సిన పని లేదు. అలాంటి చోట ఎనభై ఆరో సంవత్సరం వేసవిలో అచ్చమైన హెవీ మెటల్ బ్యాండు ఒకటి ఉండేదని చెబితే ఇప్పటి పిల్లలు నవ్వుతారు. నవ్వనివ్వండి. నలుగురు చేరిన చోట నవ్వించడం నాకు అలవాటైపోయింది. నేను నోరు మూసుకుంటే నాకు ఒక చప్పుడు వినిపిస్తుంది. అందుకే మూసుకోను.

నా పేరు సోమప్ప. డెంకణికోట రోడ్డులో సోమూ సౌండ్ సర్వీస్ నాదే. సౌండ్ పార్టీ అనిపించుకుందామని పెట్టాను. సౌండ్ నాకు మిగిలింది, పార్టీ ఎప్పుడూ ఎదుటివాడే. పెళ్లికీ, పార్టీ మీటింగుకీ, దేవరకీ మైకులు కట్టేవాణ్ణి. ఖాళీ దొరికితే పాత వాల్వు రేడియోలు విప్పి ఆంప్లిఫైయర్లు తయారు చేసేవాణ్ణి. ఆ బ్యాండుకి బాక్సులన్నీ నేను చేసినవే. బ్యాండుకి పేరు పెట్టిందీ నేనే. బ్యాండు పెట్టిన అంజినప్ప ఇంగ్లీషులో ఇనుమూ ఉక్కూ కలిసొచ్చే పేరేదో కావాలన్నాడు. ఏ ఇనుమైనా ఆఖరికి అయ్యేది తుప్పే గదరా అన్నాను. వాడు గట్టిగా నవ్వి, బాక్సు మీద ఎర్ర పెయింటుతో 'తుప్పు' అని రాసేశాడు.

అంజినప్పది గొర్రెలు మేపే కుటుంబం. బాగలూరు రోడ్డు పక్క పల్లె. కొత్తగా వచ్చిన ఫ్యాక్టరీల్లో ఒకదాంట్లో లేత్ మీద పని. పగలంతా మెటల్, సాయంత్రం హెవీ. బెంగుళూరులో ఎవడో వదిలించుకున్న గిటారు కొనుక్కొచ్చి, క్యాసెట్లు అరిగిపోయేదాకా విని, తనే నేర్చుకున్నాడు. జుట్టు భుజాల దాకా పెంచాడు. దేవరకి మొక్కుకున్నాడు కాబోలని పల్లెలో అనుకున్నారు. వాడు కాదనలేదు.

తమ్ముడు మారప్ప ఇంటి మందని కాసేవాడు. వాడు బేసు గిటారు. గొర్రెల్ని కాసేవాడికి ఉండే ఓపికే బేసు వాయించేవాడికీ కావాలి: ఒకే చోట నిలబడి, ఒకే తాళం మీద, ఎవరూ చూడకపోయినా. మారప్ప పాడేవాడు కాదు. మైకు దగ్గరికి రమ్మంటే సిగ్గుతో మెలికలు తిరిగేవాడు. డ్రమ్స్ వాయించేవాడు బెంగుళూరు నుంచి బస్సులో వచ్చి బస్సులో పోయేవాడు. ఈ కథలోంచి కూడా అలాగే పోతాడు.

సాయంత్రం మందని తల్లికి అప్పగించి, గొర్రెలు ఇంకా తిరిగి రాని దొడ్డిలో సాధన. గుప్పుమనే వాసన. తుప్పు వాయించే పాటల్లో మా అందరికీ ఇష్టమైనది ఒకటుంది. దాని వరుస అంజినప్ప వాళ్లమ్మ కెంపమ్మది. పొద్దు వాలేటప్పుడు ఆవిడ గట్టు మీద నిలబడి, చెదిరిన మందని కూయడంలో ఒక సాగదీత ఉండేది. అంజినప్ప దాన్ని పట్టుకొచ్చి, మీద ఇనుప రజను పోసినట్టు గిటారు పోసి, గొంతు గరగరలాడించి పాడేవాడు:

“ఎవరుండారో రాండి, ఇంకొకరికి చోటుంది.”

చోటెక్కడ అని అడిగితే, చావులో అనేవాడు. ఇరవై ఆరేళ్లు వాడికి. ఆ వయసులో చావంటే మంచి ప్రాస.

*

మార్చిలో వాళ్ల కులదేవర, అంటే కులదేవుడి జాతర. మైకు సెట్టు నాదే. ముందు మారప్ప, నల్ల కంబళిలో చుట్టిన దేవుణ్ణి నెత్తిన పెట్టుకుని, చెప్పుల్లేకుండా మూడు మైళ్లు నడిచి వచ్చాడు. తండ్రి పోయినప్పటి నుంచి మోసేది వాడే. పెద్దవాడికి షిఫ్టులు.

తర్వాత పొట్టేలు. వాళ్ల పద్ధతి మీకు తెలియకపోతే చెబుతాను. పొట్టేలు నెత్తిన, వీపున పసుపు నీళ్లు పోస్తారు. అది ఒళ్లు దులపాలి. దులిపితే దేవుడు ఒప్పుకున్నట్టు, అదీ ఒప్పుకున్నట్టు. దులపకపోతే కత్తి లేవదు. నీళ్లు పోసేది కెంపమ్మ. దులిపిందో, ఊరికే ఈగని తోలుకుందో తేల్చేదీ ఆవిడే. ఆ చూపుకి చుట్టుపక్కల నాలుగు పల్లెల్లో మారు మాట లేదు.

ఆ రోజు పొట్టేలు దులపలేదు. గంట గడిచింది. ఎండ మాడుతోంది. ఎవరో వెనకనుంచి దాని చెవిలో ఊదబోతే కెంపమ్మ చెయ్యి విదిలించి కొట్టింది. జనం విసుగు చూసి నాకు నోరు దురద పుట్టింది. మైకు చేతిలో ఉంది కూడాను.

“అమ్మా, నా దగ్గర కరెంటు ఉంది. ఒక్క షాకు కొడితే అదే దులుపుతుంది,” అన్నాను.

జనం పడీ పడీ నవ్వారు. మారప్ప నెత్తిన దేవుడున్నాడు గనక పెదవులు బిగబట్టి నవ్వాడు. కెంపమ్మ మాత్రం నవ్వలేదు.

“తొందర పెట్టకూడదు సోమప్పా,” అంది, నా వైపు చూడకుండానే. “అది ఒప్పుకోవాల. ఒప్పుకోనిదాన్ని దేవుడు ముట్టడు.”

ఇంకో పావుగంటకి పొట్టేలు మెడ నుంచి తోక దాకా జలదరించి దులిపింది. పసుపు నీళ్లు నా చొక్కా మీద పడ్డాయి. ఆ జోకు గురించి ఇంతకంటే చెప్పను.

*

మే ఒకటో తేదీ కార్మికుల పండగకి యూనియన్ వాళ్లు స్టేజీ కట్టారు. ఉపన్యాసాలకీ బిరియానీకీ మధ్య ముప్పావు గంట తుప్పుకి ఇచ్చారు. బ్యాండుకి దొరికిన మొదటి స్టేజీ అది. మధ్యాహ్నం మామిడి వాన పడి వెలిసింది. నేలంతా చిత్తడి. స్టేజీ పలకల సందుల్లోంచి కింద నీళ్లు మెరుస్తున్నాయి.

నాలుగు గంటలకి సౌండ్ చూసుకుంటుంటే బేసు ఆంప్లిఫైయర్ గుయ్యిమంటోంది. నేను చేసినదే, పాత రేడియో ట్రాన్స్‌ఫార్మరుతో. స్టేజీ మైకుల సెట్టుతో కలిపితే గుయ్యిమంటుంది, విడదీస్తే ఊరుకుంటుంది. రెండు సెట్లూ రెండు దారుల్లో భూమిని తాకితే ఆ పోరు తప్పదు. అంజినప్ప పళ్లు నూరుతున్నాడు. ఎదురుగా కుర్చీల్లో జనం చేరిపోయారు.

“ఆ గుయ్యిమనేది ఆపప్పా,” అన్నాడు. “యట్లైనా ఆపు.”

ఎట్లైనా ఆపే విద్య సౌండ్ సర్వీసు వాళ్లందరికీ తెలుసు. ప్లగ్గు విప్పి, లోపల, కారిన కరెంటుని భూమిలోకి దింపే పచ్చ వైరుని కటింగ్ ప్లయరుతో కొరికెయ్యడమే. మూడు పిన్నులూ ఉన్నట్టే ఉంటాయి, మూడోది ఎక్కడికీ పోదు. వెయ్యిసార్లు చేసిన పని. కొరికాను. చప్పుడు ఆగిపోయింది. అంజినప్ప నాకు బొటనవేలు చూపించి నవ్వాడు.

మామూలుగా లోకంలో ఒకణ్ణి ముంచాలంటే ఎర్త్ పెట్టాడంటారు. నేను తీసి ముంచాను.

మూడు పాటలు బాగా జరిగాయి. కార్మికులు ఈలలు వేశారు. లేత్ మిషన్ల మధ్య బతికే వాళ్లకి ఆ చప్పుడు సొంత ఇంటి చప్పుడు. నాలుగోది మందని పిలిచే పాట. అంజినప్పకి ఊపు వచ్చింది. “ఎవరుండారో రాండి” అంటూ తమ్ముడి వైపు తిరిగి, తన మైకు చూపిస్తూ చెయ్యి ఊపాడు. రా, నువ్వూ పాడు అని. ఎన్నడూ రానివాడు ఆ రోజు వచ్చాడు. నవ్వుతూ వచ్చాడు. తడి పలకల మీద వట్టి కాళ్లతో. గిటారు తీగల మీద చేతులు అలాగే ఉన్నాయి. పెదవులు మైకుకి తగిలాయి.

మారప్ప గొంతు మైకులో నేను ఒక్కసారే విన్నాను. అది పాట కాదు.

నేను పరుగెత్తి ప్లగ్గు పీకేశాను. అంతకు ముందే, పీకక ముందే, అంతా అయిపోయింది. హోసూరు ఆసుపత్రిలో డాక్టరు చెయ్యి పట్టుకుని చూసి వదిలేశాడు. ఆ వార్డులోనే వేరే ఎవరికో టిఫిన్ క్యారియరు తెచ్చిన ఒకాయన, తెల్ల చొక్కా, బట్టతల, వచ్చి అంజినప్ప పక్కన కూర్చున్నాడు. కావేరిపట్టణంలో చిన్న ప్రార్థనా మందిరం నడిపే పాస్టరు దేవసహాయం. సాయంత్రం దాటేదాకా అంజినప్ప వీపు మీద చెయ్యి వేసి అలాగే కూర్చున్నాడు. నేను ఎదుటి బెంచీ మీద ఉన్నాను. నా వీపు మీద ఎవరూ చెయ్యి వెయ్యలేదు. అడిగే మొహం కూడా నాకు లేదు.

మర్నాడు పొద్దున్నే స్టేజీ దగ్గరికి పోయాను. ఎందుకో చెప్పుకోవడానికి సిగ్గు. ఆ ప్లగ్గు విప్పి, పచ్చ వైరుని మళ్లీ కలిపేద్దామని. ఆంప్లిఫైయరు ఉంది. వైరు ఉంది. వైరు చివర ప్లగ్గు లేదు. ఎవరో శుభ్రంగా కోసుకుపోయారు.

పోలీసులు వచ్చి, చూసి, వాన వల్ల అని రాసుకున్నారు. వాన కాదనలేదు.

*

పల్లెలో దినాలు అయ్యేదాకా అంజినప్ప పనికి పోలేదు. దొడ్డిలో గిటారు ముందు పెట్టుకుని కూర్చునేవాడు. తర్వాత ఆదివారం ఆదివారం బస్సెక్కి కావేరిపట్టణం పోవడం మొదలుపెట్టాడు. కెంపమ్మ కొడుకు దేవుణ్ణి మార్చుకుంటున్నాడని ఊరంతా పాకింది. ఒక కొడుకు మోసే దేవుడు మూల కంబళిలో ఉండిపోయాడు, ఇంకో కొడుకు వేరే దేవుడి దగ్గరికి నడుస్తున్నాడు. కులపెద్దలు వచ్చి కెంపమ్మని అడిగారు. ఆవిడ వాళ్లకి మజ్జిగ ఇచ్చి పంపించింది.

జూన్ మొదట్లో కెంపమ్మ నా కొట్టుకి వచ్చింది. అంతకు ముందు ఎన్నడూ రాలేదు. తలుపు దగ్గరే నిలబడింది. ప్లగ్గు సంగతే అనుకున్నాను.

“సోమప్పా, నువ్వు ఒక తూరి ఆడికి పోయి రా,” అంది. “వాడు ఇష్టంగా పోతాండాడో, ఎవరన్నా ఈడ్సకపోతాండారో, చూసి చెప్పు. నాకు అదొకటి తెలిస్తే చాలు.”

ఆ ఆదివారమే పోయాను. మందిరం అంటే రేకుల షెడ్డు. పక్కన మామిడికాయల మండీ గనక లోపలంతా పండిన వాసన. ముసుగులు వేసుకున్న ముసలమ్మలు, ఒక హార్మోనియం, ఒక కంజిర. వాళ్ల మధ్య భుజాల దాకా జుట్టుతో అంజినప్ప, ఎర్ర పెయింటుతో 'తుప్పు' అని ఉన్న మారప్ప బేసు బాక్సూ. జుట్టు కత్తిరించమన్నారా అని పాస్టరుని అడిగాను. ఆయన గోడ మీది క్యాలెండరులో వాళ్ల దేవుడి బొమ్మ చూపించాడు. ఆయనకీ పొడుగే గదా, మేము ఏ మొహంతో అడగాల, అన్నాడు.

అంజినప్ప గిటారు మీటాడు. అదే గరగర. అదే ఇనుప రజను. హార్మోనియం ఆయన భయపడి చేతులు తీసేశాడు. మొదటి రెండు వారాలూ కిటికీలు మూసేశారట. మూడో వారం నుంచి ముసలమ్మలు చప్పట్లు కొడుతున్నారట. ఆ పాటని నేను గుర్తుపట్టడానికి కొంచెం టైము పట్టింది. మాటలు చివర్లో మారాయి గానీ, ఆ సాగదీత, కెంపమ్మ గట్టు మీది కూత, అదే.

“ఎవరుండారో రాండి, అందరికీ చోటుంది.”

ప్రార్థన అయ్యాక వాణ్ణి బయటికి తీసుకొచ్చి, ఇదే పాట ఎందుకురా, వేరేది లేదా అన్నాను.

“ఇది పాడకుండా ఉండలేకుండా ఉండాను సోమా,” అన్నాడు. “మిషన్ ఆడతాంటే అందులో ఇదే. పాడితే వాడు వస్తాండాడు. బాక్సులో గుయ్యిమని, వాడి సుతి, నాకు తెలీదా. వచ్చినోణ్ణి ఒంటిగా నిలబెట్టకూడదు గదా. అందుకని ఇంకొకాయన్ని గూడా పిలుస్తాండాను, వాడి పక్కన ఉంటాడని.”

ఆ బాక్సు నేను చూసి వచ్చాను. కొత్త ప్లగ్గు, మూడు వైర్లూ బిగించి ఉన్నాయి. అది గుయ్యిమనడం లేదు. ఆ మాట వాడితో అనలేకపోయాను. ఎందుకంటే నాకూ వినిపిస్తోంది.

తిరిగొచ్చి కెంపమ్మకి చెప్పాను: తెలీదమ్మా, ఇష్టమో కాదో నాకు తెలీలేదు. ఆవిడ, బాప్తిస్మానికి వాణ్ణి నీళ్లలో ఎప్పుడు ముంచుతారంట అని అడిగింది. నెలాఖరు ఆదివారం అన్నాను. సరే, నేనే చూస్తాను, అంది.

*

కావేరిపట్టణం పక్క తెన్‌పెణ్ణ నది ఒడ్డున పొద్దున తొమ్మిది గంటలు. మామిడి అయిపోవచ్చింది, చివరి బండ్లు రోడ్డు మీద పోతున్నాయి. కెంపమ్మ కంబళి భుజాన వేసుకుని, మందిరం జనానికి దూరంగా, ఒక రాయి పక్కన నిలబడింది. అంజినప్ప తెల్ల పంచె కట్టుకుని నా దగ్గరికి వచ్చాడు. చేతిలో ఒక సిగరెట్టు పెట్టె. నీళ్లలోకి పోయేవాడు జేబు ఖాళీ చేసుకుంటున్నాడనుకున్నాను.

తెరిచాను. నల్ల ప్లగ్గు. మూత విప్పి ఉంది. లోపల పచ్చ వైరు, ఏటవాలుగా కొరికి ఉంది. నేను ఎప్పుడూ ఏటవాలుగానే కొరుకుతాను.

“ఆ రాతిరే కోసేసినాను, పోలీసోళ్లు వచ్చేకి ముందు,” అన్నాడు.

ఇన్నాళ్లూ నన్ను ఎందుకు అడగలేదన్నాను.

“ఏమని అడగాల? యట్లైనా ఆపు అనింది నేను. రా అని పిలిచింది నేను. నువ్వు మధ్యలో వైరువి, అంతే.” తల్లి నిలబడిన రాయి వైపు చూశాడు. “మాయమ్మకి నేను చెప్పలేదు. చెప్పేది, చెప్పంది నీ ఇష్టం.”

నడుములోతు నీళ్లలోకి దిగాడు. పాస్టరు ఏదో అన్నాడు, ఇంకేదో అడిగాడు, వీడు తల ఊపాడు. వెనక్కి వాల్చి ముంచారు. లేచాడు. జుట్టు మొహానికి అంటుకుపోయింది. అప్పుడు దులిపాడు. జూన్ నెల ఎండ, నీళ్లు గోరువెచ్చగా ఉన్నాయి, గాలి లేదు. మెడ దగ్గర మొదలై భుజాలు, వీపు, నడుము దాకా ఒక్క జలదరింపు. జుట్టులోంచి నీళ్లు గుండ్రంగా చిమ్మి పాస్టరు కళ్లద్దాల మీద పడ్డాయి. ముసలమ్మలు పాట ఎత్తుకున్నారు.

నేను కెంపమ్మ వైపు చూశాను. ఆవిడ కళ్లు చిట్లించి, మార్చిలో పొట్టేల్ని చూసినట్టే చూస్తోంది. మెల్లగా తల ఆడించింది.

“ఒప్పుకున్నాడు,” అంది. ఏడవలేదు. “ఇంక వాణ్ణి అడక్కూడదు.”

సిగరెట్టు పెట్టె నా చేతిలో తడిసిపోతోంది. నా దగ్గర ఆ నిమిషంలో ఒక్క జోకు కూడా లేదు. చెప్పేశాను. చప్పుడు ఆపమంటే పచ్చ వైరు కొరికింది నేనేనమ్మా అన్నాను. ప్లగ్గు చూపించాను. అదేమిటో ఆవిడకి తెలియదు. అది చేసిన పని తెలుసు.

కెంపమ్మ ప్లగ్గుని ముట్టుకోలేదు. నది అంచు దాకా నడిచింది. తర్వాత వంగి, దోసిట్లో నీళ్లు తీసుకుని, వచ్చి నా నెత్తిన పోసింది. నీళ్లు మెడ వెనక నుంచి చొక్కా లోపలికి జారాయి. ఆవిడ రెండడుగులు వెనక్కి వేసి, తల ఒక పక్కకి వంచి, నా వైపు చూస్తూ నిలబడింది.

ఆవిడ దేనికోసం చూస్తోందో నాకు అర్థమైంది. ఒళ్లు దులపడం పెద్ద విద్యేమీ కాదు. స్టేజీ మీద నలుగురిని నవ్వించడానికి నేను పొట్టేల్ని, కోతిని, మంత్రిని కూడా చేసి చూపించినవాణ్ణి. కానీ ఈగకీ, దేవుడికీ తేడా తెలిసిన మనిషి ఎదురుగా ఉంది. ఊరికే నిలబడ్డాను. నాలో ఏదీ కదల్లేదు. చొక్కా ఒంటి మీదే ఆరుతోంది. రోడ్డు మీద హోసూరు బస్సు హారన్ కొట్టి వెళ్లిపోయింది. ఆవిడ ఇంకా చూస్తూనే ఉంది.

“తొందర పెట్టకూడదు,” అంది చివరికి, మెత్తగానే. కొడుకు పొడి చొక్కా తీసుకుని నీళ్ల వైపు నడిచింది.

ఆ కంబళిలోని దేవుణ్ణి మరుసటి మార్చిలో కెంపమ్మే నెత్తిన పెట్టుకుని మోసింది. ఆడవాళ్లు మోయకూడదన్న పెద్దలు ఆవిడ మొహం చూసి దారి ఇచ్చారు. ఆ తర్వాత పన్నెండేళ్లు మోసింది. నేను ప్రతి ఏడూ మైకు కట్టాను. ఎదురైనప్పుడల్లా ఆవిడ చూపు ఒక్క క్షణం నా మెడ మీద ఆగేది. పోయేదాకా ఆగుతూనే ఉంది.

అంజినప్ప ఇప్పటికీ కావేరిపట్టణం మందిరంలో ఆదివారాలు పాడతాడు. జుట్టు తెల్లబడింది, పొడుగు తగ్గలేదు. సౌండు నాదే. ఎక్కడ కట్టినా ముందు ఎర్తుకి గొయ్యి తవ్వి, బొగ్గూ ఉప్పూ పోసి, ఆరడుగుల రాగి కడ్డీ దింపి, రెండు బిందెల నీళ్లు పోస్తాను. బావి తవ్వుతున్నాడని జనం నవ్వుతారు. వాళ్లకంటే ముందు నేనే నవ్విస్తాను. స్విచ్చి వేశాక, పాట మొదలయ్యే ముందు, ఒక్క క్షణం ఎవరూ మాట్లాడరు. అప్పుడు మేమిద్దరం ఒకరి మొహం ఒకరు చూసుకోం.

రోజూ పొద్దున స్నానానికి మొదటి చెంబు నెత్తిన పోసుకుని ఆగుతాను. నీళ్లు మెడ మీదుగా వీపు కిందికి దిగేదాకా కదలకుండా ఉంటాను. బయట నుంచి మా ఆవిడ, లోపల నిద్రపోయారా అని కేకేస్తుంది.

ఇంకా లేదు. రెండో చెంబు ముంచుతాను.